గ్రీకు బంగారానికి కాటా ఒక్కటే చాలదు
పురాతన గ్రీకు బంగారు నగల గురించి మీ పేపర్లో వచ్చే కథనాలు ఎంతసేపూ బరువు, ధర, ‘అబ్బా ఎంత మెరుస్తోందో’ దగ్గరే ఆగిపోతున్నాయి, ఆ నగ ఏ మట్టిలో దొరికింది, ఎలా చేశారు అన్నది మాత్రం రాయరు. మొన్నటి ఆదివారం అనుబంధంలో గ్రీసుకు చెందిన క్రీట్ దీవిలోని మాలియాలో దొరికిన తేనెటీగల పతకాన్ని అరపేజీ వేశారు, అది చూసి మా ఇంట్లో అందరూ అరచేయంత ఉంటుందనుకున్నారు, నిజానికి దాని వెడల్పు అయిదు సెంటీమీటర్లు కూడా లేదు! రెండు తేనెటీగల మధ్యనున్న గుండ్రటి తేనెపట్టు మీద ఆవగింజ కన్నా సన్నటి బంగారు రవ్వలు వరసగా అతికి ఉంటాయి, 3,500 ఏళ్లకు పైబడిన పని అది, మామూలు టంకం పెడితే కరిగి రవ్వల మధ్య సందులన్నీ పూడిపోతాయి కాబట్టి అప్పటి కంసాలులు రాగి కలిసిన జిగురుతో రవ్వల్ని నిలబెట్టి సరిగ్గా చాలినంత వేడే చూపించేవారని నిపుణులు చెబుతారు. అసలు వార్త అది కదండీ. దొరికిన చోటు తెలియకపోతే సగం చరిత్ర పోయినట్టే, అమెరికాలోని గెట్టీ మ్యూజియం 1993లో కొన్న, ఉత్తర గ్రీసు ప్రాంతపు పురాతన మాసిడోనియా రాజ్యం నాటి బంగారు పూల కిరీటం దొంగతవ్వకాల సొత్తని తేలి 2007లో గ్రీసుకు తిరిగి వెళ్లింది, కానీ అది ఏ సమాధిలోదో కిరీటం చెప్పదుగా. ఇకనుంచి ఇలాంటి ప్రతి ఫోటో కింద నగ కొలత, దొరికిన ఊరు, మ్యూజియానికి ఎలా చేరిందన్నది తప్పకుండా వేయండి, దొరికిన చోటు తెలియకపోతే ‘తెలియదు’ అనే వేయండి, దానికోసం ధర రాసే లైను తీసేసినా పాఠకులెవరూ ఏమీ అనుకోరు.