వార్షిక నివేదిక: రెండు భాషల పాత చిత్రాలు, మన ప్రదర్శనలు

సభ్యులందరికీ నమస్కారం.

ఈ ఏడాది మన సంఘం ఎక్కువగా తెలుగు, తమిళాల్లో విడివిడిగా తీసిన పాత కుటుంబ కథాచిత్రాల మీద పనిచేసింది. 1955లో ఎల్.వి. ప్రసాద్ ‘మిస్సమ్మ’ను రెండు భాషల్లోనూ తీశారు. సావిత్రి, ఎస్వీ రంగారావు, జమున రెండింట్లోనూ నటించారు. ఎన్టీఆర్, ఏఎన్నార్ పాత్రలను తమిళంలో జెమినీ గణేశన్, తంగవేలు వేశారు. 1957 నాటి ‘మాయాబజార్’లో మన అభిమన్యుడు అక్కినేని, తమిళ అభిమన్యుడు జెమినీ. ఇవి డబ్బింగ్ సినిమాలు కావు, దేనికది సొంత సినిమా.

సభ్యులొకరు ‘డ్యూయల్ ఆడియో’ (ఒకే బొమ్మకు రెండు భాషల మాటలు) అంటూ ‘మాయాబజార్’ ఫైలు ఒకటి తెచ్చారు. తెర మీద అక్కినేని, వినబడేది జెమినీ గొంతు. పెదాలకూ మాటకూ పొంతన లేదు. ఒక మూల ఏదో చానల్ ముద్ర. అన్నిటికంటే బాధ కలిగించింది టైటిల్స్ కత్తిరించేయడం. ఆ చిత్రంలోని వెన్నెలను వెండితెర మీదికి తెచ్చిన ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్‌ట్లే పేరు ఆ ప్రతిలో ఎక్కడా లేదు. దొంగ ప్రతి వల్ల నష్టం నిర్మాత డబ్బుతో ఆగదని ఆ రోజు అందరం కళ్లారా చూశాం.

ఆ తర్వాత వాట్సాప్ గ్రూపులో వాదన గట్టిగానే జరిగింది. ‘తమిళ ప్రతి కొనుక్కుందామన్నా దొరకదు, ఇంకేం చేయాలి?’ అని అడిగినవాళ్ల ఆవేదన న్యాయమైనదే. అయినా, దొరకనంత మాత్రాన అది మన సొత్తు అయిపోదు. హక్కుదారుకు ఉత్తరం రాయాలి, అడగాలి, మళ్లీ అడగాలి. అలా అడిగితేనే ఒక చిత్రానికి అనుమతి వచ్చింది, హాలు నిండింది. రెండో చిత్రానికి జవాబు రాలేదు. దాని బదులు ఆ చిత్రం మీద ప్రసంగం ఏర్పాటు చేశాం.

టికెట్టు పెట్టకపోతే అనుమతి అక్కర్లేదని చాలామంది అనుకుంటున్నారు. ఔత్సాహిక సంఘాలు ఉచితంగా నాటకం వేసుకోవడానికి కాపీరైట్ చట్టం వెసులుబాటు ఇచ్చింది కానీ, అది సినిమా ప్రదర్శనకు వర్తించదు. గడువు సంగతీ తెలుసుకోవాలి. సినిమాకు హక్కు విడుదలైన ఏడాది ముగిశాక 60 ఏళ్లు. 1962 నాటి ‘గుండమ్మ కథ’కు ఆ లెక్కన 2022తో గడువు తీరింది. అందులోని పాటల సాహిత్యానికి లెక్క వేరు. అది కవి మరణం నుంచి నడుస్తుంది. ఆ పాటలు రాసిన పింగళి నాగేంద్రరావు 1971లో కన్నుమూశారు కనుక ఆ హక్కు 2031 చివరిదాకా ఉంటుంది. ‘పాత సినిమాయే కదా’ అని తేల్చేసే ముందు ఇది గుర్తుంచుకోండి.

గ్రంథాలయం పని మామూలుగానే సాగింది. ఆడిటర్ సరిచూసిన జమాఖర్చుల పట్టిక విడిగా జతచేశాం.

దొంగ ప్రతుల లింకులు గ్రూపులో పెట్టకూడదనీ, సంఘం తెర మీద అనుమతి లేని చిత్రం వేయకూడదనీ కార్యవర్గం తీర్మానించింది. సర్వసభ్య సమావేశంలో దీన్ని మీ ఆమోదానికి పెడుతున్నాం. జవాబు రాని ఆ హక్కుదారుకు ఈసారి సభ్యులందరి సంతకాలతో ఉత్తరం పంపుతాం. సంతకాల కాగితం సమావేశం రోజు హాలు గుమ్మం దగ్గర ఉంటుంది.

కార్యదర్శి