తొలి భారతీయ హైకోర్టు జడ్జి శంభునాథ్ పండిట్

సంపాదకులకు,

టి. ముత్తుస్వామి అయ్యర్‌ను ‘దేశంలోనే హైకోర్టు జడ్జి అయిన తొలి భారతీయ లాయరు’ అని పోటీ పరీక్షల పుస్తకాల్లో, వ్యాసాల్లో తరచూ రాస్తున్నారు. ఇందులో రెండు తప్పులున్నాయి.

ఆయన మద్రాసు హైకోర్టు జడ్జి అయింది 1878లో. అప్పటికి పదిహేనేళ్ల కిందటే, 1863లో, కలకత్తా హైకోర్టులో శంభునాథ్ పండిట్ జడ్జి అయ్యారు. అంతకుముందు రామమోహన్ రాయ్ కుమారుడు రమాప్రసాద్ రాయ్‌ను ఎంపిక చేశారు గాని, పీఠమెక్కక ముందే 1862లో ఆయన చనిపోయారు.

రెండో తప్పు ‘లాయరు’ అన్న మాట. అది పట్టుబడాలంటే 1861 నాటి హైకోర్టుల చట్టం చూడాలి. జడ్జీల్లో మూడో వంతుకు తగ్గకుండా బారిస్టర్లు, మరో మూడో వంతుకు తగ్గకుండా సివిల్ సర్వీసు వాళ్లు ఉండాలన్నది నిబంధన. ఇంగ్లండు వెళ్లని మనవాళ్లకు మిగిలినవి రెండే దారులు: సదర్ కోర్టులోనో (హైకోర్టులకు ముందున్న పెద్ద అప్పీలు కోర్టు) హైకోర్టులోనో పదేళ్లు ప్లీడరుగా ఉండటం, లేదా ప్రిన్సిపల్ సదర్ అమీన్ (జిల్లా జడ్జి కింది న్యాయాధికారి), స్మాల్ కాజ్ కోర్టు (చిన్న మొత్తాల దావాల కోర్టు) జడ్జి స్థాయికి తగ్గని పదవిలో అయిదేళ్లు పనిచేయడం.

శంభునాథ్ వచ్చింది మొదటి దారిన. కలకత్తాలో స్థిరపడిన కాశ్మీరీ పండితుల కుటుంబంలో 1820లో పుట్టారు. సదర్ కోర్టు రికార్డు గదిలో నెలకు 20 రూపాయల జీతం మీద చేరారు. తర్వాత డిక్రీల (కోర్టు తీర్పు ఉత్తర్వుల) అమలు చూసే గుమాస్తాగా పనిచేస్తూ, ఆ అమలు చట్టంలోని లోపాల మీద చిన్న పుస్తకం రాశారు. డిక్రీ గెలిచినవాడి అసలు కష్టాలు అమలు దగ్గరే మొదలవుతాయని కోర్టు మెట్లెక్కిన ఎవరికైనా తెలుసు. ఆయన దాన్ని ఫైళ్ల మధ్య కూర్చుని చూశారు. 1848లో ప్లీడరు, 1853లో జూనియర్ ప్రభుత్వ ప్లీడరు, 1861లో సీనియర్. నడుమ ప్రెసిడెన్సీ కాలేజీలో న్యాయశాస్త్రం చెప్పారు. జడ్జిగా నాలుగేళ్లే ఉన్నారు. 1867 జూన్‌లో కన్నుమూశారు.

ముత్తుస్వామి అయ్యర్‌ది రెండో దారి. 1859లో ప్లీడరు పరీక్షలో మొదటి స్థానంలో నెగ్గిన మాట నిజమే. కానీ వకాలతు పట్టే అవసరమే రాలేదు, ఆ ఏడే తరంగంబాడిలో జిల్లా మున్సిఫ్ అయ్యారు. డిప్యూటీ కలెక్టరుగా కొన్నాళ్లు చేసి, 1865లో మంగళూరులో ప్రిన్సిపల్ సదర్ అమీన్, 1868లో మద్రాసు పోలీసు మేజిస్ట్రేటు, 1871లో స్మాల్ కాజ్ కోర్టు జడ్జి. హైకోర్టుకు చేర్చింది ఈ మెట్లే. అప్పట్లో కోస్తాంధ్రలోని సర్కారు జిల్లాల అప్పీళ్లూ మద్రాసుకే వెళ్లేవి కాబట్టి ఆయన మన జిల్లాలకూ జడ్జే. 1893లో కొన్ని నెలలు తాత్కాలిక ప్రధాన న్యాయమూర్తిగా కూడా ఉన్నారు. ఆయన గొప్పతనాన్ని చెప్పడానికి శంభునాథ్ పేరు చెరిపేయనక్కర్లేదు.

పుస్తకాలు మళ్లీ అచ్చువేసేటప్పుడు ‘దేశంలోనే’ తీసేసి ‘మద్రాసు హైకోర్టులో’ అని, ‘లాయరు’ అన్నచోట ‘న్యాయాధికారి’ అని దిద్దాలని ప్రచురణకర్తలకు మనవి.

— ఒక న్యాయవాది, రాజమహేంద్రవరం