పసుపు గదికి తాళం వేశాను, ఎందుకో చెబుతాను

ముందు ఒప్పుకోవాల్సింది ఒప్పుకుంటాను. పోయిన రెండు వారాంతాల్లో మా దగ్గర ఆడినవాళ్లకి మూడో గదిలో చూపించింది అసలు పసుపు వెలుగు కాదు. తెలిసే చూపించాను.

కొత్తవాళ్ల కోసం రెండు ముక్కలు. విశాఖలో మాది మూడు గదుల చిన్న ఎస్కేప్ రూమ్, అంటే చిక్కుముడులు విప్పుకుంటూ గదుల్లోంచి బయటపడే ఆట. కథంతా మేం కల్పించుకున్న ఒక కోటలో జరుగుతుంది. ఆ కోటలో సూర్యుడు రాడు, ఎవరు ఏ వెలుగులో పుడితే వాళ్లది ఆ పని. ఎర్రవాళ్లు కాపలా, ఆకుపచ్చవాళ్లు వైద్యం, నీలంవాళ్లు తీర్పు. కులాలు లేవు గానీ వెలుగులున్నాయి, పెద్ద తేడా ఏం లేదు. ఒక వెలుగులో కనిపించే రాత ఇంకో వెలుగులో కనపడదు. ఎర్ర సిరాతో రాసింది ఎర్ర దీపం కింద తెల్ల కాగితంలో కలిసిపోతుంది, నీలం దీపం కింద నల్లగా తేలుతుంది, మా మంత్రం అంతే. గేటు దగ్గర ఇచ్చే కండువా రంగే మీ హోదా. "కండువా మార్చొచ్చా?" అని ప్రతి బ్యాచ్‌లో ఒకరైనా అడుగుతారు, ఎన్నికలప్పుడు ఆ జోకు విని విని నవ్వడం కూడా మానేశాను.

మూడో గది సభ. అక్కడ ఒక్కటే దీపం. అది వెలగ్గానే ఎర్ర కండువా, నీలం కండువా, ఆకుపచ్చ కండువా అన్నీ బూడిద రంగైపోతాయి, ఎవరు ఏ వెలుగువాళ్లో తెలీదు, ఓటు అప్పుడే వేయాలి.

ఆ దీపం లో ప్రెషర్ సోడియం ల్యాంపు, ఒకే ఒక్క పసుపు తప్ప వేరే రంగు వెలుగు దాదాపు ఇవ్వదు. బీటెక్ ఫస్టియర్ ఫిజిక్స్ ల్యాబ్‌లో న్యూటన్స్ రింగ్స్ ప్రయోగం చేసినవాళ్లకి చెప్పక్కర్లేదు, రికార్డులో కళ్లు మూసుకుని తరంగదైర్ఘ్యం 5893 ఆంగ్‌స్ట్రాములు అని రాసేస్తాం చూడండి, ఆ వెలుగే. నాకు ఈ ఆలోచన వచ్చిందీ ఆ ల్యాబ్‌లోనే. లైట్లు తీసేశాక పక్కవాడి ఎర్ర చొక్కా బొగ్గు రంగులోకి తిరిగింది. రీడింగులు వదిలేసి ఆ చొక్కానే చూస్తూ కూర్చున్నాను, ఆ ల్యాబ్‌లో నాకొచ్చిన మార్కులు మాత్రం అడక్కండి. మూడో గది గోడ మీద 509 అని చెక్కి ఉంటుంది కదా, అది ఉత్త అంకె కాదు. ఆ పసుపు సెకనుకి సుమారు 509 లక్షల కోట్ల సార్లు ఊగుతుంది. కోట కథ నాది, ఆ లెక్క నిజం.

ట్యూబ్ కాలిపోయింది. ఎప్పుడూ తెప్పించే డీలర్‌కే చెప్పి డబ్బు మొత్తం ముందే కట్టాను. "అచ్చం అదే సార్" అన్నాడు. మూడు వారాలు తిప్పి శుక్రవారం సాయంత్రం పంపాడు. పెట్టె విప్పితే పసుపు ఎల్‌ఈడీ పట్టీ! ఫోన్ చేస్తే "పసుపు అడిగారు, పసుపే పంపాం కదా సార్" అన్నాడు. ఈ మాట నాకు ఇప్పటికీ అరగలేదు. అతను పంపింది ఎరుపు, ఆకుపచ్చ కలిపిన పసుపు. పాత సీడీ ఒకటి వెనక్కి తిప్పి దాని కింద పట్టి చూడండి, ఎరుపు ఒకవైపు, ఆకుపచ్చ ఒకవైపు విడిపోతాయి. సోడియం దీపం కింద పట్టి చూస్తే ఒక్క పసుపే. కన్ను మోసపోతుంది గానీ కండువా మోసపోదు, ఆ వెలుగులో ఎరుపు ఉంటే ఎర్ర కండువా ఎర్రగానే కనిపిస్తుంది.

శనివారం స్లాట్లన్నీ నిండిపోయాయి, ఒకటి పుట్టినరోజు బ్యాచ్ కూడా. రాత్రి ఒంటిగంట దాకా కండువాలు ఒక్కొక్కటే ఆ పట్టీ కింద పట్టి చూస్తూ కూర్చున్నాను. నీలం ఫర్వాలేదు, దాదాపు నల్లబడింది. ఎరుపు మాత్రం లొంగలేదు. చివరికి ఎర్రవన్నీ తీసేసి మెరూన్‌వి పెట్టి, ఎవరికి తెలుస్తుందిలే అనుకున్నాను. రెండో ఆదివారం, ఇదివరకు నాలుగుసార్లు ఆడిన ఒక పదో తరగతి అమ్మాయి సభలో నిలబడి, "అన్నయ్యా, నా కండువా ఎర్రగానే ఉందేంటి? పోయినసారి నేను మాయమైపోయా కదా" అంది. ఏం చెప్పాలో తెలీక కరెంటు సమస్య అన్నాను. అది కూడా అబద్ధమే.

సోమవారం తాళం వేశాను. ఎల్‌ఈడీతో నడిపెయ్, ఎవరూ పట్టించుకోరు అని స్నేహితులు ఇప్పటికీ అంటున్నారు. హుద్‌హుద్ తర్వాత ఊళ్లో వీధి దీపాలే ఎల్‌ఈడీలయ్యాయి, నీకేంటి పట్టుదల అని ఒకడు. వీధి దీపాల కింద ఎవరూ ఓటు వెయ్యరు నాయనా. (ఆ పాత నారింజ దీపాలు కూడా మాకు పనికొచ్చేవి కావు, అవి హై ప్రెషర్‌వి, రంగులు కాస్త బయటపడతాయి.)

ఆ రెండు వారాంతాల్లో ఆడినవాళ్లకి మూడో గది మళ్లీ ఉచితం, బుకింగ్ మెసేజ్ చూపిస్తే చాలు. డీలర్ డబ్బు వెనక్కివ్వలేదు, అతని దగ్గర మళ్లీ కొనేది లేదు. కాలేజీలకి ల్యాబ్ సామాన్లు అమ్మే షాపులో చిన్న 35 వాట్ల సోడియం ల్యాంపు దొరికింది. గదంతా వెలగదు, ఒక బల్ల మేరకే. కాబట్టి వచ్చే శనివారం నుంచి సభ బల్ల చుట్టూ, నలుగురికి మించకుండా. కండువా బల్ల మీద పరిచి దాని పక్కన చెయ్యి పెట్టాలి. పెద్ద ట్యూబ్ దొరికేదాకా ఇంతే. దీపం మొదట గులాబీ రంగులో మొదలై పసుపుకి రావడానికి పది నిమిషాలు పడుతుంది, ఆలస్యంగా వస్తే ఆ పది నిమిషాలు మీ ఆటలోంచే పోతాయి.

పాత ఎర్ర కండువాలు ఉతికి మళ్లీ తగిలించాను. ఆ అమ్మాయికి మొదటి స్లాట్ ఉంచాను. ఎల్‌ఈడీ పట్టీ చెప్పుల స్టాండ్ మీద బిగించాను, అక్కడ బాగానే వెలుగుతోంది.