చివరి రెండు నిమిషాల్లో కోలుకోరు

సంపాదకులకు నమస్కారం.

వ్యసనం నుంచి కోలుకోవడంపై అవగాహన పెంచేందుకు డాక్యుమెంటరీలు విరివిగా రావాలన్న మాట ఈమధ్య తరచుగా వినిపిస్తోంది. మద్యం మానేసి తొమ్మిదేళ్లు దాటినవాడిగా ఆ మాటను నేనూ బలపరుస్తాను. అయితే నేను చూసినవాటిలో చాలావరకు మనిషి దిగజారిన తీరునే గంటసేపు చూపించి, కోలుకోవడాన్ని చివరి రెండు నిమిషాల్లో చుట్టేశాయి.

కొంతకాలం క్రితం ఒక చిత్రబృందం నన్ను కలిసింది. మాటలన్నీ రికార్డు చేసుకున్నాక దర్శకుడు గాజు గ్లాసులో రంగునీళ్లు పోయించి, పాత రోజులు తలచుకుంటూ ఒక్కసారి పట్టుకుంటే చాలన్నారు. అవి రంగునీళ్లేనని తెలిసినా, గ్లాసు వేళ్లకు తగలగానే నోట్లో నీరూరింది, అరచేతులు చెమర్చాయి. ఆ రాత్రి నిద్ర పట్టక కౌన్సెలర్‌కు ఫోన్ చేయాల్సి వచ్చింది. సీసా, సిరంజి, పొగ కంటపడితే చాలు, అణగి ఉన్న కోరిక మళ్లీ రేగుతుందని వైద్యులు చెప్పేదే. తెరపై ఆ దృశ్యాన్ని నిన్ననే మానేసినవాడు కూడా చూస్తాడు కదా!

గదిలో తలుపు వేసుకుని, సీసా పగలగొట్టి, పట్టుదలతో మానేసే ఘట్టం మరింత ప్రమాదకరం. ఏళ్ల తరబడి అతిగా తాగినవారు ఉన్నట్టుండి ఆపేస్తే మొదటి రెండు రోజుల్లోనే ఫిట్స్ రావచ్చు. ఆ తర్వాత రెండు మూడు రోజుల్లో తలెత్తే డెలీరియం ట్రెమెన్స్, అంటే వణుకుతో, భ్రమలతో కూడిన తీవ్రమైన అయోమయస్థితి, చికిత్స అందకపోతే ప్రాణాలే తీయవచ్చు. హెరాయిన్, మార్ఫిన్ వంటి ఓపియాయిడ్ మత్తుమందుల వ్యసనానికి చికిత్సగా వాడే మెథడోన్, బుప్రెనార్ఫిన్‌లను ప్రపంచ ఆరోగ్య సంస్థ 2005లోనే అత్యావశ్యక మందుల జాబితాలో చేర్చింది. వాటిని ఒక మత్తు బదులు మరో మత్తుగా చిత్రించే సినిమా, ఆ మందులు వాడుతున్నవాడిని సిగ్గుపడేలా చేసి చికిత్సకే దూరం చేస్తుంది.

ఇక కాలం సంగతి. అమెరికన్ సైకియాట్రిక్ అసోసియేషన్ 2013లో వెలువరించిన, మానసిక రుగ్మతల నిర్ధారణకు వాడే డీఎస్ఎం-5 గ్రంథం ప్రకారం, కోరిక మినహా మిగతా లక్షణాలేవీ కనీసం 12 నెలలపాటు లేకపోతేనే నిలకడగా తేరుకున్నట్టు లెక్క. చికిత్సా కేంద్రం గేటు దాటే దృశ్యంతో కెమెరా కట్టేస్తే అసలు కథ తీయనట్టే. ఇంట్లో అడుగుపెట్టగానే నా సంచి తడిమి చూడటం మా ఆవిడ మానేయడానికి మూడేళ్లు పట్టింది. అలాంటిది తెరకెక్కాలంటే దర్శకుడు కూడా మూడేళ్లు ఆగాలి, మధ్యలో వ్యసనం తిరగబెడితే అదీ దాచకుండా చూపాలి.

అనుమతి విషయంలోనూ జాగ్రత్త అవసరం. మద్యం మానాలనుకునేవారు ఒకరికొకరు తోడుగా నిలిచే సంఘం, 1935లో మొదలైన ఆల్కహాలిక్స్ అనానిమస్. దాని సంప్రదాయం పత్రికల్లో, రేడియోలో, చిత్రాల్లో సభ్యులు తమ పేరు బయటపెట్టుకోవద్దంటుంది. బహిరంగంగా మాట్లాడితేనే కళంకం పోతుందనేవారి వాదననూ నేను తోసిపుచ్చను. కానీ మత్తులోనో, చికిత్స మొదటి వారంలోనో పెట్టించిన సంతకాన్ని అంగీకారం అనలేం. ఎడిటింగ్ పూర్తయ్యాక చిత్రాన్ని వారికి చూపించి మళ్లీ అడగాలి; వద్దంటే ఆ భాగం తీసేయాలి. పిల్లల ముఖాలైతే అసలే చూపకూడదు.

నా పేరు, చిరునామా విడిగా జతపరిచాను. వాటిని ప్రచురించవద్దని మనవి.

ఇట్లు,
ఒక పాఠకుడు