ముందు రాసిపెట్టు

ఒరేయ్ శీనూ,

నీ ఉత్తరం చదివాక రాత్రంతా అదే ఆలోచన. మూడేళ్ల పిల్ల బొమ్మలు సర్దుకుంటూ ఉన్నట్టుండి "వేరే అమ్మ నాకు రెండు జడలు వేసేది" అంటే ఎవరికైనా గుండె ఝల్లుమంటుంది. ఇది పూర్వజన్మేనా అని అడిగావు. ఆ ప్రశ్న తర్వాత. ముందు పిల్ల అన్న మాట అన్నట్టే ఒక నోట్‌బుక్‌లో రాసిపెట్టు. తేదీ వెయ్యి, గదిలో ఎవరెవరున్నారో, అంతకుముందు ఏం మాట్లాడుకున్నారో కూడా రాయి.

ఎందుకు ఇంతగా చెప్తున్నానంటే, నీ ఉత్తరమే మళ్లీ చూడు. మొదటి పేజీలో పాప "వేరే అమ్మ" అంది. రెండో పేజీకి వచ్చేసరికి "పోయిన జన్మలో అమ్మ" అని నువ్వే మార్చేశావు. నువ్వు కావాలని చెయ్యలేదురా, మన జ్ఞాపకం తీరే అంత. ఒక్క ఉత్తరంలోనే ఇంత జరిగితే, నలుగురు బంధువుల నోళ్లలో పడ్డాక ఏమవుతుందో ఆలోచించు.

పిల్లల పూర్వజన్మ మాటల మీద జరిగే పరిశోధనకు పెద్ద చిక్కు కూడా ఇదే. శాంతిదేవి కథ వినే ఉంటావు. ఢిల్లీ పిల్ల, పోయిన జన్మలో తనది మథుర అంది, అక్కడి భర్త సంగతులు చెప్పింది. 1935లో గాంధీగారు వేయించిన కమిటీ ఆమెను మథుర తీసుకెళ్లింది. కానీ అప్పటికే ఆ భర్త ఢిల్లీ వచ్చి ఆమెను చూసి వెళ్లాడు. రెండు కుటుంబాలూ కలిసి మాట్లాడుకున్నాక, ఏది పిల్లకు ముందే తెలుసో, ఏది తర్వాత చెవిన పడిందో విడదియ్యడం మహా కష్టం.

వర్జీనియా యూనివర్సిటీ సైకియాట్రిస్ట్ ఇయాన్ స్టీవెన్‌సన్ 1961లో మన దేశానికి వచ్చి ఇలాంటి పిల్లల్ని కలిశాడు. ఆ పని అక్కడితో ఆగలేదు. ఆ యూనివర్సిటీలో ఇప్పుడు 2,500కు పైగా కేసులు ఉన్నాయి. మన బెంగళూరు మానసిక ఆరోగ్య సంస్థ నిమ్హాన్స్‌లో సత్వంత్ పస్రీచా కూడా వీటి మీద పనిచేశారు. పిల్లలు ఎక్కువగా రెండు నుంచి నాలుగేళ్ల మధ్య మొదలుపెడతారు, ఆరేడేళ్లు వచ్చేసరికి ఆ మాటలు తగ్గిపోతాయి. చాలా కేసుల్లో పిల్లలు చెప్పే ఆ మనిషి ప్రమాదంలోనో హత్యలోనో పోయినవాడే. అయితే ఎవరూ వాకబు చెయ్యకముందే మాటలు కాగితం మీదకి ఎక్కిన కేసులు మాత్రం చాలా తక్కువ. నాకు అన్నిటికన్నా విలువైనవి అవే.

స్టీవెన్‌సన్‌లో నాకు బాగా నచ్చింది ఇంకోటుంది. తనకే తెలిసిన ఒక మాటను అంకెలుగా మార్చి, వాటితో నంబర్ తాళం సెట్ చేసి, బీరువాలో పెట్టాడు. పోయాక వీలైతే ఆ మాట ఎవరికైనా అందిస్తానన్నాడు. 2007లో ఆయన పోయిన కొద్ది రోజుల తర్వాత కూడా అది మూసే ఉంది. ఫలితం ఎలా వచ్చినా, పరీక్షను ముందే పెట్టి వెళ్లాడు చూడు, అదీ నిజాయితీ అంటే.

పాపని మాత్రం గుచ్చి గుచ్చి అడక్కు. "ఆ ఊరి పేరేంటి, ఎలా చచ్చిపోయావు" లాంటివి అసలు వద్దు. తనంతట తను చెప్తే "అవునా, తర్వాత?" అను చాలు. కసరొద్దు, చుట్టాల ముందు నిలబెట్టి చెప్పించొద్దు. ఏ ఊరి పేరైనా చెప్తే టెన్షన్ పడి అక్కడికి బయల్దేరకు, ముందు ఆ పేజీ ఫొటో తీసి నాకు పంపు. రెండు జడల రోజు తేదీ గుర్తుందా? ఉంటే ఈ రాత్రికే రాసెయ్.

నీ
మూర్తి