దావా కొట్టేసిన రోజే వాదికి తెలియాలి

గౌరవనీయులైన రాష్ట్ర న్యాయశాఖ మంత్రి గారికి,

నమస్కారం. మేం సివిల్ కేసులు చూసే వకీళ్లం, గుమస్తాలం. హనుమకొండ కోర్టుల్లో పదిన్నరకు కేసుల పిలుపులు మొదలవుతాయి. ముల్కనూరులో బస్సెక్కిన రైతు అప్పటికి ఎల్కతుర్తి దగ్గరే ఉండొచ్చు. వకీలు పక్క కోర్టులో సాక్షిని అడుగుతుంటాడు. జూనియర్ వకీలు లేచి ‘పాసోవర్’ (కేసును కాసేపాగి మళ్లీ పిలవమని) అడగకపోతే, రెండో పిలుపుకీ ఎవరూ పలకకపోతే, డాకెట్ (కేసులో కోర్టు ఉత్తర్వులు రాసే కాగితం) మీద ‘డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్’, అంటే హాజరు కానందుకు కొట్టివేత, అని పడుతుంది. ఏళ్ల దావా రెండు నిమిషాల్లో పోతుంది.

వాది, ప్రతివాది ఇద్దరూ రాకపోతే దావా కొట్టేసేది సివిల్ ప్రొసీజర్ కోడ్ (సివిల్ కేసులు నడిపే చట్టం) ఆర్డర్ 9 రూల్ 3 కింద. అప్పుడు కాలదోషం పట్టకపోతే కొత్త దావా వేసుకోవచ్చు. ప్రతివాది వచ్చి వాది రాకపోతే రూల్ 8. అదే కారణం మీద మళ్లీ దావా కుదరదు, పాతదాన్నే తెరిపించుకోవాలి. పార్టీలకు రెండూ ఒకటే అనిపిస్తాయి. డాకెట్ చూస్తేగానీ ఏ రూలో తేలదు.

తెరిపించుకోవడానికి గడువు 30 రోజులు. లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ ప్రకారం ఆ లెక్క కొట్టేసిన తేదీ నుంచే, వాదికి తెలిసిన తేదీ నుంచి కాదు. సమన్లు సరిగా అందక తను లేకుండానే తీర్పు (ఎక్స్‌పార్టీ డిక్రీ) పడిన ప్రతివాదికైతే 123వ ఆర్టికల్ తెలిసిన రోజు నుంచి లెక్క కడుతుంది. దావా వేసినవాడే దాన్ని కనిపెట్టుకోవాలన్నది చట్టం ఉద్దేశం. సబబే, కానీ వకీలు చెప్పకపోతే అతనికి తెలిసే దారేది?

మూడు నెలలకు తెలిస్తే దావా తెరిపించే రెస్టోరేషన్ పిటిషన్ ఒక్కటే చాలదు. ఆలస్యం మన్నించమని అదే లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఇంకో ఐ.ఏ. (కేసు లోపల వేసే మధ్యంతర దరఖాస్తు) వేయాలి. నోటీసు, కౌంటరు (ఎదుటివారి జవాబు), వాదన అయ్యి అది నెగ్గితేనే అసలు పిటిషన్‌ సంగతి. అఫిడవిట్‌లో ‘ఒంట్లో బాగాలేదు’ అని ఊరుకుంటే నిలవదు. ఏ తేదీన జ్వరం, ఏ ఆసుపత్రి చీటీ, సంగతి ఎవరు ఎప్పుడు చెప్పారు, మొత్తం ఎన్ని రోజుల ఆలస్యం, అన్నీ రాయాలి. రోజుల అంకె తప్పితే కాగితాలు ఆబ్జెక్షన్‌తో వెనక్కొస్తాయి. ఈలోగా దావాతో పాటే ఎదుటివారిని ఆపే కోర్టు ఉత్తర్వు, ఇంజంక్షనూ పోయి ఉంటుంది. ఎదుటివారు పొలంలో ట్రాక్టరు దింపుతారు.

చెక్కు బౌన్స్ కేసుల్లో ఫిర్యాదుదారు రాకపోతే ముద్దాయి ఏకంగా నిర్దోషి. కాకపోతే 2024 జూలై 1న అమల్లోకొచ్చిన బీఎన్ఎస్ఎస్ (క్రిమినల్ కేసులు నడిపే కొత్త చట్టం) 279వ సెక్షన్, ముందు ఫిర్యాదుదారుకు 30 రోజుల గడువివ్వమంటోంది. సివిల్ వాదికి ఆ పాటి దయా లేదు.

తప్పు మాదీ ఉంది. వాయిదా తేదీ చెప్పడం మరుస్తాం. కాగితాల్లో పార్టీ ఫోన్ నంబరు చోట మా నంబరే వేస్తాం. 

కోర్టుల పాలన హైకోర్టుదని తెలుసు. డబ్బు, సిబ్బంది ప్రభుత్వం ఇచ్చేవే. హైకోర్టుతో మాట్లాడి, కొట్టేసిన సాయంత్రమే పార్టీ సొంత ఫోన్‌కు తెలుగులో మెసేజ్ వెళ్లేలా చూడండి. కేసు నంబరు, ఏ రూల్ కింద పోయింది, 30వ రోజు ఏ తేదీ అవుతుంది, ఇవి ఉంటే చాలు. ఫోన్ లేనివారికి పోస్టుకార్డు పంపొచ్చు. పార్టీ సొంత నంబరు ఫైలింగ్ దగ్గరే అడిగి రాయించాలి, లేకపోతే మెసేజ్ మళ్లీ మా ఫోన్లకే వస్తుంది. చివర లీగల్ సర్వీసెస్ వారి 15100 నంబరు చేర్చండి. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలు దొరుకుతాడని కూడా ఒక ముక్క రాయించండి.

ఇట్లు,
హనుమకొండలో సివిల్ కేసులు చూసే కొందరు న్యాయవాదులు, గుమస్తాలు