పది రూపాయల జరిమానాతో కోళ్లకేం న్యాయం?

సంపాదకుడు గారికి,

ఆదివారం వస్తే లైవ్ ఎంత, స్కిన్‌లెస్ ఎంత అని పేపర్లు రేటు వేస్తాయి. బర్డ్ ఫ్లూ వస్తే ఫొటోలతో సహా వార్తలు. ఆ కోడి ఎలా పెరిగిందో మాత్రం ఎవరూ రాయరు.

ముందే చెప్తున్నా, నేనూ చికెన్ తింటాను. మాంసానికి పెంచే బ్రాయిలర్ కోడిపిల్ల ఆరు వారాల్లో రెండు కిలోలు దాటుతుంది, అంత తొందరగా బరువెక్కేలా తయారుచేసిన జాతి అది, ఆ బరువు మోయలేక కాళ్లు చచ్చుబడి మేత దాకా వెళ్లలేనివీ ఉంటాయి. షెడ్డు పెట్టిన రైతును తిట్టి లాభం లేదు. ఇంటిగ్రేషన్‌లో, అంటే కంపెనీతో ఒప్పందం మీద పెంచే పద్ధతిలో, పిల్లలు, మేత, మందులు కంపెనీవి, షెడ్డు, చాకిరీ రైతువి, బ్యాచ్ ఎత్తాక కిలోకి ఇంతని పెంపకం కూలి ఇస్తారు, అంతే.

గుడ్ల కోళ్లది ఇంకా ఘోరం. జిరాక్స్ తీసే ఏ4 కాగితమంత జాగా కూడా ఒక్కోదానికి దక్కని తీగ బోనుల్లో, రెక్క చాపకుండా ఏడాదికి పైగా బతకాలి. వీటి మగ పిల్లలు గుడ్లూ పెట్టవు, మాంసానికీ గిట్టుబాటు కావు, అందుకని గుడ్లు పొదిగించే హేచరీలోనే చంపేస్తారు. ఇలాంటి బోనుల్ని యూరోపియన్ యూనియన్ 2012 నుంచే నిషేధించింది. చట్టాల మీద కేంద్రానికి సలహా ఇచ్చే మన లా కమిషన్ కూడా 2017లో 269వ నివేదికలో కోళ్ల పెంపకానికి నిబంధనల ముసాయిదా రాసిచ్చింది, అయినా బోనులు అలాగే ఉన్నాయి.

ఇది కోళ్ల బాధ మాత్రమే అనుకోకండి. ఏ మందూ పనిచేయని రోగికి డాక్టర్లు ఆఖరున వాడే కొలిస్టిన్ అనే యాంటీబయోటిక్‌ను బరువు పెరగడానికి కోళ్ల మేతలో కలిపేవారు. అలా వాడితే సూక్ష్మజీవులు ఆ మందుకి లొంగకుండా తయారై, మనుషులకీ అది పనిచేయకుండా పోతుంది. కేంద్రం 2019లో గానీ దాన్ని ఆపలేదు.

చౌకగా ప్రోటీన్ దొరుకుతోంది కదా అంటారు. నిజమే, అంగన్‌వాడీ గుడ్డు మీద నాకే గొడవా లేదు. కానీ 1960 నాటి జంతుహింస నిరోధక చట్టంలో మొదటి తప్పుకి జరిమానా 10 నుంచి 50 రూపాయలు! బైకుకి రెండు పక్కలా కోళ్లను తలకిందులుగా వేలాడదీసి మధ్యాహ్నం ఎండలో ఆనందపురం నుంచి మద్దిలపాలెం దాకా తెచ్చేవాణ్ణి పట్టుకున్నా పడేది అంతే, దాంతో పావుకిలో స్కిన్‌లెస్ కూడా రాదు.

బోనుల సంగతి ఢిల్లీలో తేలాలి సరే. ఈ బైకుల్ని ఆపడానికి ఢిల్లీ దాకా పోనక్కర్లేదు. పోలీసులు, పశుసంవర్ధక శాఖ కలిసి తెల్లవారుజామున హైవే మీద తనిఖీ పెట్టాలి, క్రేట్లలో రాని కోళ్లను దించుకునే దుకాణాలకు జీవీఎంసీ (విశాఖ నగరపాలక సంస్థ) లైసెన్సు రెన్యువల్ చేయకూడదు.

ఇట్లు,
ఒక పాఠకుడు,
ఎంవీపీ కాలనీ, విశాఖపట్నం